డిస్కో బాణీలో తెలుగు సింగిల్ చేశాము; విన్నవాళ్ళు మెచ్చుకున్నారు గానీ ఎవరూ ఆడలేదు

కావలి కీబోర్డు (ప్రశ్న):

సంగీతం తెలిసిన పెద్దలకు, తోటి మిత్రులకు నమస్కారం. నాది కావలి. ఒంగోలులో ఉన్న మిత్రునితో కలిసి, సినిమాతో సంబంధం లేని ఒక తెలుగు పాటను డిస్కో బాణీలో తయారు చేశాను. వరస, వాయిద్యాల కూర్పు నావి, సాహిత్యం అతనిది, పాడినది మా బంధువుల అమ్మాయి. నిమిషానికి 120 దెబ్బల వేగం పెట్టుకున్నాము. ప్రతి దెబ్బకూ కిక్ డ్రమ్ (కాలితో తొక్కి మోగించే పెద్ద డ్రమ్ము) పడుతుంది, రెండు దెబ్బల నడుమ హై-హ్యాట్ (జంట తాళాలు) తెరుచుకుంటుంది, బేస్ గిటార్ కింది స్థాయికీ పై స్థాయికీ గెంతుతూ ఉంటుంది, వెనుక వయొలిన్ల గుంపు సాగుతుంది, అక్కడక్కడ పైనుంచి కిందికి జారే ఎలక్ట్రానిక్ డ్రమ్ మోత కూడా వినిపిస్తుంది. డిస్కో అనగానే చెవిలో మెదిలేవన్నీ అందులో ఉన్నాయన్న నమ్మకంతోనే విడుదల చేశాము.

స్పందన మాత్రం మేము ఊహించిన దారిలో రాలేదు. నెల్లూరులోని మా పెద్దవాళ్ళు విని, 1980ల నాటి సినిమాలో క్లబ్బు పాటలాగా హాయిగా ఉందని అన్నారు; అది పొగడ్తో ఎత్తిపొడుపో నాకు ఇప్పటికీ తేలలేదు. కాలేజీ పిల్లలు ఫోనులో విని బాగుందన్నారు, పక్కవారికి పంపారు, అంతటితో ఊరుకున్నారు. ఒక పెళ్ళి ఊరేగింపులో మా మాట కాదనలేక సౌండు సిస్టమ్ వాళ్ళు దాన్ని వేసినప్పుడు, అంతవరకు డప్పులకు చిందులు వేస్తున్న కుర్రవాళ్ళు కాసేపు చేతులు ఊపి, ఆ తరువాత మంచినీళ్ళ సీసాల కోసం పక్కకు వెళ్ళిపోయారు. ఆడించడానికే పుట్టిన సంగీతాన్ని మెచ్చుకుంటూ కూడా ఎవరూ కాలు కదపకపోవడం ఎందుకన్నదే నా సందేహం.

ఈ పాటను మళ్ళీ మిక్స్ చేసి, అవసరమైతే పల్లవిని కూడా మార్చి, కొత్త రూపంలో విడుదల చేయాలని అనుకుంటున్నాము. నేను ఎక్కువగా వినేది అమెరికా గాయని డోనా సమ్మర్ పాడిన 1977 నాటి "ఐ ఫీల్ లవ్". అలాంటి సింగిల్స్ స్టూడియోలో ఎలా తయారయ్యాయో, బయటకు వచ్చినప్పుడు వాటిని ఎవరు ఎక్కడ విని తలకెత్తుకున్నారో తెలిసినవారు వివరంగా చెప్పగలరా? తెలుగు మాటను ఆ నడకలో కూర్చోబెట్టడానికి ఏదైనా పద్ధతి ఉందా? మీకు వీలుగా ఉండేందుకు పల్లవి మొదటి పాదం ఇస్తున్నాను: "ఆట ఆడి పాట పాడి". చివరి "డి"ని సాగదీసి పాడించాము. వేగాన్ని 128కి పెంచితే అన్నీ సర్దుకుంటాయని కొందరు సలహా ఇచ్చారు గానీ, ఆ మాట నాకు నచ్చలేదు.

ఒంగోలు స్టూడియో:

మీ పాటను హెడ్‌ఫోన్లలోనూ, పెద్ద స్పీకర్లలోనూ విన్నాను. వేగం జోలికి పోకండి. 120 డిస్కోకు సహజమైన వేగమే. చిక్కు వేరేచోట ఉంది. అది తెలియాలంటే మీరు అడిగిన పాట తయారైన తీరును కొంచెం విస్తరించి చెప్పుకోవాలి.

"ఐ ఫీల్ లవ్"ను మ్యూనిక్ నగరంలోని మ్యూజిక్‌ల్యాండ్ స్టూడియోలో జార్జియో మొరోడర్, పీట్ బెలాట్ అనే ఇద్దరు నిర్మాతలు డోనా సమ్మర్‌తో కలిసి తయారు చేశారు. ఆ పాట ఉన్న "ఐ రిమెంబర్ యెస్టర్‌డే" ఆల్బమ్‌లో పాటలు గడచిన కాలాల సంగీతాన్ని ఒక్కొక్కటిగా గుర్తు చేయాలని, చివరి పాట మాత్రం రాబోయే కాలానిది కావాలని వాళ్ళు అనుకున్నారు. రాబోయే కాలానికి వయొలిన్లూ గిటార్లూ ఎందుకని, దాదాపు వాద్యమంతటినీ మూగ్ మాడ్యులర్ సింథసైజర్ మీదనే పలికించారు. అది మన కీబోర్డుల వంటి వస్తువు కాదు. బీరువాలాంటి ఆ యంత్రంలో ఒక భాగాన్ని మరొక భాగానికి తీగలతో కలుపుకోవాలి, ఒకసారికి ఒక్క స్వరమే పలుకుతుంది, కాసేపు వాయించేసరికి శ్రుతి తప్పుతుంది. అందుకని చిన్న చిన్న ముక్కలుగా రికార్డు చేస్తూ, మధ్య మధ్య శ్రుతి చేసుకుంటూ ముందుకు పోయారు. ఆ యంత్రం మర్మం తెలిసిన రాబీ వెడెల్ అనే ఇంజనీరు, టేపులోని ఒక ట్రాక్ మీద ముందుగా ఒక కాలసంకేతాన్ని రికార్డు చేసి, ఆ తరువాత వేసిన ప్రతి భాగమూ దానికే కట్టుబడి నడిచేటట్లు ఏర్పాటు చేశాడు. ముక్కలుగా పుట్టిన సంగీతం వెంట్రుకవాసి తేడా లేకుండా అతికింది అందువల్లనే. ఈనాడు మనం కంప్యూటరులో ఒక మీట నొక్కి పొందే సదుపాయం కోసం 1977లో ఇంత తతంగం నడిచింది.

హై-హ్యాట్, స్నేర్ లాగా వినిపించేవి కూడా మూగ్‌లోని వైట్ నాయిస్ (హోరులాంటి శబ్దం) నుంచి తీర్చిన శబ్దాలే. కిక్ డ్రమ్ ఒక్కటే ఆ యంత్రానికి లొంగలేదు. తగినంత బరువున్న దెబ్బ దానినుంచి రాకపోవడంతో కీత్ ఫోర్సీ అనే డ్రమ్మరు పాట పొడవునా ఆ దెబ్బను కాలితో తొక్కి వాయించాడు. ఇక బేస్ లైన్ సంగతి చూడండి. ఒకే చిన్న స్వరసమూహం స్థాయి మార్చుకుంటూ సాగుతుంది. దాని ప్రతి స్వరానికీ డిలే ద్వారా ఒక ప్రతిధ్వనిని కల్పించి, అసలు స్వరాన్ని ఒక స్పీకరుకూ ప్రతిధ్వనిని మరొక స్పీకరుకూ ఇచ్చారు. రెండూ కలిసి వినిపించేసరికి వాయించినదానికి రెట్టింపు వేగంతో పరుగెత్తుతున్నట్లు చెవికి తోస్తుంది. వాయించినది తక్కువ, వినిపించేది ఎక్కువ. ఆ పరుగు మీద గాయని పాడిన మాటలు ఎన్ని అని లెక్కపెడితే ఆశ్చర్యం కలుగుతుంది. అతి కొద్ది మాటలను పొడుగాటి అచ్చులతో, ఏ తొందరా లేకుండా, పై స్థాయిలో తేల్చి పాడింది.

మీ పాటలో దీనికి సరిగ్గా వ్యతిరేకం జరిగింది. కింద బేస్ పరుగెత్తుతోంది, పైన సాహిత్యమూ పరుగెత్తుతోంది, ఆ రెండింటి నడుమ ఏ సందు మిగిలినా వయొలిన్లు వచ్చి నింపుతున్నాయి. ఆడేవాడు తన అడుగు వేసుకోవడానికి చోటేదీ? సాంకేతికంగా మరొక మాట. మీ కిక్ డ్రమ్ తోక, అంటే దెబ్బ పడ్డాక మిగిలే మోత, పొడుగ్గా ఉంది. 120 వేగంలో దెబ్బకూ దెబ్బకూ మధ్య అరసెకను మాత్రమే ఉంటుంది. అందులో సగం కిక్ తోక తినేస్తే, అదే స్థాయిలో పలికే బేస్ స్వరం మొదలు మనకు వినిపించదు. ఫోనులో ఈ దోషం తెలియదు, ఎందుకంటే ఫోను స్పీకరు ఆ కింది శబ్దాలను అసలు పలికించలేదు. ఊరేగింపు బండి మీద పెద్ద బేస్ బాక్సుల్లో మాత్రం రెండూ కలిసి ఒకటే గుమ్మనే మోత అవుతుంది. కిక్‌ను కురచ చేసి, అది పడిన ప్రతిసారీ బేస్ క్షణంపాటు తగ్గేటట్లు పెట్టండి.

ఆదరణ గురించి కూడా అడిగారు. ఆ సింగిల్‌ను మొదట అమెరికాలో ఒక నెమ్మదైన పాటకు వెనుక వైపున వేశారు. డిస్కో క్లబ్బుల్లో ఆ వెనుక వైపే మోగసాగింది. 1977 జులైలో బ్రిటన్‌లో మొదటి స్థానానికి చేరి నాలుగు వారాలు అక్కడే నిలిచింది. అమెరికా హాట్ 100 పట్టికలో ఆరవ స్థానం వరకు వెళ్ళింది. బెర్లిన్‌లో పనిచేస్తున్న రోజుల్లో సంగీతకారుడు బ్రయన్ ఈనో ఈ రికార్డు పట్టుకుని పరుగెత్తుకు వచ్చి, భవిష్యత్తు సంగీతం ఇదేనని తనతో అన్నట్లు ఇంగ్లీషు గాయకుడు డేవిడ్ బోవీ తరువాత గుర్తు చేసుకున్నాడు. ఆ వెంటనే ద్వేషం కూడా వచ్చింది. 1979 జులై 12న షికాగో బేస్‌బాల్ మైదానంలో ఒక రేడియో వ్యాఖ్యాత పిలుపు మీద జనం తెచ్చిన డిస్కో రికార్డులను పేల్చివేశారు. జనం మైదానంలోకి దూకి పాడు చేయడంతో ఆ రాత్రి రెండవ ఆట జరగనే లేదు. నల్లజాతివారి, లాటిన్ల, స్వలింగ ప్రియుల క్లబ్బుల్లో పెరిగిన సంగీతం మీద ఆ కోపం వెనుక సంగీతాభిరుచి ఒక్కటే లేదని అప్పటినుంచీ పలువురు విమర్శకులు రాస్తూనే ఉన్నారు. నాకూ ఆ మాట సబబుగానే తోస్తుంది.

నెల్లూరు పాత ఆర్కెస్ట్రా:

పై మిత్రుడు చెప్పిన వివరాలు సరైనవే గానీ, యంత్రం నిక్కచ్చిగా నడవడమే డిస్కో రహస్యమన్నట్లు అర్థం చేసుకుంటే మాత్రం నేను ఒప్పుకోను. పురమందిరంలోనూ, పెళ్ళి పందిళ్ళలోనూ రిథమ్ వాయించినవాడిని గనుక చెబుతున్నాను. ప్రతి దెబ్బకూ కిక్, దెబ్బల నడుమ తెరుచుకునే హై-హ్యాట్ అన్న ఆ నడకను ఫిలడెల్ఫియాలో ఎర్ల్ యంగ్ అనే డ్రమ్మరు 1973 ప్రాంతంలో చేతులతో, కాళ్ళతో నిలబెట్టాడు. అది మనిషి వాయించిన నడక.

ఇంకొక ఉదాహరణ. బీ జీస్ బృందం "స్టేయిన్ అలైవ్"ను 1977లో ఫ్రాన్స్‌లోని ఒక పాత కోట స్టూడియోలో రికార్డు చేస్తున్నప్పుడు, వాళ్ళ డ్రమ్మరు ఇంటివారి అనారోగ్యం వల్ల ఊరికి వెళ్ళవలసి వచ్చింది. అప్పుడు నిర్మాతలు అతను అంతకుముందే మరొక పాటకు వాయించిన దానిలోనుంచి రెండు బార్లు (నాలుగేసి దెబ్బల ఆవృత్తాలు) తీసి, ఆ టేపు ముక్కను చుట్టగా అతికించి, దాన్నే మళ్ళీ మళ్ళీ తిప్పుతూ పాట మొత్తానికి వాడుకున్నారు. రికార్డు మీద డ్రమ్మరు పేరు బెర్నార్డ్ లూప్ అని వేశారు. అలాంటి మనిషి లేనే లేడు. చూడండి, అక్కడ తిరుగుతున్నది చుట్టే అయినా, ఆ రెండు బార్లలో ఉన్నది మనిషి చేయి. ఆ చేతిలో ఉండే సూక్ష్మమైన ఎగుడుదిగుడే దాన్ని బతికించింది. 2013లో డాఫ్ట్ పంక్ అనే ఇద్దరు ఫ్రెంచి కుర్రవాళ్ళు, అంతవరకు యంత్రాల సంగీతంతోనే పేరు తెచ్చుకున్నవాళ్ళు, "గెట్ లక్కీ" చేసినప్పుడు గిటారుకు షీక్ బృందపు నైల్ రాజర్స్‌నూ, బేస్‌కు నేథన్ ఈస్ట్‌నూ, డ్రమ్స్‌కు ఒమర్ హకీమ్‌నూ పిలిపించుకున్నారు. ఆ పాటకు మరుసటి సంవత్సరం గ్రామీల్లో రికార్డ్ ఆఫ్ ది ఇయర్ వచ్చింది.

మన దేశం విషయానికి వస్తే సంగీత దర్శకుడు బిద్దును తలుచుకోకుండా డిస్కో మాట మాట్లాడకూడదు. బెంగుళూరులో గిటారు పట్టుకుని తిరిగి, ఇంగ్లండు వెళ్ళి స్థిరపడ్డవాడు. 1974లో కార్ల్ డగ్లస్ పాడిన "కుంగ్ ఫూ ఫైటింగ్"ను ఆయన వేరొక పాటకు వెనుక వైపు నింపడానికని, స్టూడియో సమయం చివరలో మిగిలిన కొద్ది నిమిషాల్లో ముగించానని స్వయంగా చెప్పుకున్నాడు. అది ప్రపంచమంతా అమ్ముడుపోయింది. 1980లో వచ్చిన "కుర్బానీ" సినిమా కోసం ఆయనే లండన్‌లో "ఆప్ జైసా కోయీ" చేశాడు. పాడిన నాజియా హసన్‌కు అప్పటికి 15 ఏళ్ళే. పాకిస్తానీ అమ్మాయికి ఫిల్మ్‌ఫేర్ రావడం అదే మొదలు. మరుసటి సంవత్సరం వచ్చిన "డిస్కో దీవానే" ఆల్బమ్‌కు సినిమా అండ కూడా లేదు. మీరు సినిమాతో సంబంధం లేని సింగిల్ చేశామని రాశారు గనుక, ఆ ఆల్బమ్‌ను ఒకసారి శ్రద్ధగా వినండి. ఆ అమ్మాయి గొంతు పెద్దది కాదు, గమకాలు లేవు, ముక్కులోనుంచి వచ్చినట్లు ఉంటుంది. అయినా ప్రతి మాటా దెబ్బ మీద సుఖంగా కూర్చుంటుంది. గొప్పగా పాడటం వేరు, ఆడించేలా పాడటం వేరు. బాలసుబ్రహ్మణ్యం గారి వంటివారికి ఆ రెండూ ఒకే గొంతులో కుదిరాయి. నెల్లూరువాళ్ళం గనుక అందరూ అలాగే పాడాలని ఆశపడతాము.

మీ పెద్దవాళ్ళు 1980ల క్లబ్బు పాట అన్నారంటే దానికి కారణం నాకు తెలుసు. మన ప్రాంతానికి డిస్కో క్లబ్బుల ద్వారా రాలేదు, తెర మీద తళుకుల చొక్కా ద్వారా వచ్చింది. ఆ పైనుంచి కిందికి జారే డ్రమ్ మోత వినగానే మా తరానికి హీరో నడుముకు కట్టిన మెరుపు బెల్టు గుర్తుకు వస్తుంది. దాన్ని మొత్తంగా తీసివేయండి. వయొలిన్లను కూడా పల్లవిలో ఆపి, చరణం చివర మాత్రమే రానివ్వండి.

ఇక కుర్రవాళ్ళు మంచినీళ్ళకు వెళ్ళిపోవడం గురించి. మన ఊరేగింపుల్లో మోగే డప్పు దెబ్బ ఎక్కువగా తిస్ర నడకలో, అంటే మూడేసి లెక్కన, ఉంటుంది. గంటసేపు ఆ నడకకు చిందు వేసిన కాలికి ఒక్కసారిగా చతురస్రం, అంటే నాలుగేసి లెక్క, ఇస్తే, అది ఎంత మంచి చతురస్రమైనా, కాలు తడబడుతుంది. అది మీ పాట తప్పు కాదు, వేసిన చోటు తప్పు.

అద్దంకి తెలుగు మాస్టారు:

ఛందస్సు మాట ఎత్తగానే పారిపోవద్దని ముందుగా మనవి. పాత ఆర్కెస్ట్రా వారు చెప్పిన తిస్రం మీ పల్లవిలోనే దాగి ఉంది. లఘువుకు ఒక మాత్ర, గురువుకు రెండు మాత్రలు చొప్పున లెక్కిస్తే, "ఆట" మూడు మాత్రలు, "ఆడి" మూడు, "పాట" మూడు, "పాడి" మూడు. మొత్తం పన్నెండు. అది హయప్రచార రగడ జాతి నడక; పరుగు కోసమే పుట్టింది, కానీ మూడేసి మాత్రల పరుగు.

ఇప్పుడు దీనిని మీ తాళంలో పెట్టి చూద్దాము. అరదెబ్బకు ఒక మాత్ర చొప్పున పాడితే, మొదటి మాత్ర, మూడవ మాత్ర, అయిదవ మాత్ర, ఇలా బేసి మాత్రల మీద కిక్ పడుతుంది. సరి మాత్రల మీద హై-హ్యాట్ తెరుచుకుంటుంది. "ఆట"లోని రెండు అక్షరాలూ దెబ్బ మీద పడ్డాయి. "ఆడి"లోని రెండూ దెబ్బల నడుమ పడ్డాయి. "పాట" మళ్ళీ దెబ్బ మీద, "పాడి" మళ్ళీ నడుమ. వినేవాడి చెవి నాలుగు మాటలనూ సమానమైన నాలుగు అడుగులుగా పట్టుకుంటుంది, కాలు కిక్ డ్రమ్‌ను పట్టుకుంటుంది, రెండింటికీ పొత్తు కుదరదు. దానికి తోడు పన్నెండు మాత్రలకు ఆరు దెబ్బలే నిండుతాయి గనుక, రెండు బార్లకు కావలసిన ఎనిమిది దెబ్బలు చేయడానికి మీరు ఒక్క మాత్ర ఉన్న "డి"ని అయిదు మాత్రల పొడవు సాగదీశారు. తెలుగు చెవికి హ్రస్వాన్ని అంత సాగదీయడం ఇబ్బందిగా ఉంటుంది. అసలు పల్లవిలో అర్థం నిలవవలసిన చోట అచ్చు ఒంటరిగా వేలాడుతోంది.

నాలుగేసి మాత్రల నడక, అంటే మధురగతి రగడ నడక తీసుకుంటే ఈ బాధ ఉండదు. యతిప్రాసల జోలికి పోకుండా, నడక చూపడానికి మాత్రమే ఒక పాదం కల్పిస్తున్నాను: "వెన్నెల కురిసిన సముద్ర తీరం". వెన్నెల నాలుగు, కురిసిన నాలుగు, సముద్ర నాలుగు, తీరం నాలుగు; పదహారు మాత్రలు, ఎనిమిది దెబ్బలు, సరిగ్గా రెండు బార్లు. ప్రతి మాటా దెబ్బ మీదనే మొదలవుతుంది. అయితే అన్నీ దెబ్బ మీదనే పడితే బడిపిల్లలు ఎక్కాలు చదివినట్లు అవుతుందన్న భయం ఉండవచ్చు. "సముద్ర" అన్న మాటను గమనించండి. "స" తొమ్మిదవ మాత్ర, దెబ్బ మీద ఉంది. "ము" వెనుక సంయుక్తాక్షరం ఉండడం వల్ల గురువై, పదవ మాత్ర మీద, అంటే హై-హ్యాట్ తెరుచుకునే చోట మొదలై, తరువాతి కిక్ మీదుగా సాగిపోతుంది. డ్రమ్మర్లు కోరుకునే ఆ తూగును మాటే తెచ్చి పెట్టింది. ఇలాంటి లఘువు-గురువు-లఘువు మాటలను పాదానికి ఒకటి చొప్పున మూడవ గణంలో పెట్టుకోగలిగితే, మీ మిత్రుని సాహిత్యం దానంతట అదే ఊగుతుంది.

మాత్రకు అరదెబ్బ కాకుండా పావు దెబ్బ ఇవ్వకూడదా అని అడగవచ్చు. 120 వేగంలో పావు దెబ్బ అంటే సెకనులో ఎనిమిదవ వంతు. లఘువులు వరుసగా వస్తే సెకనుకు ఎనిమిది అక్షరాలు పలకాలి. అది పాట కాదు, అవధానం.

నెల్లూరు పాత ఆర్కెస్ట్రా:

మాస్టారు గారికి నమస్కారం. చతురస్రం మీద తిస్రాన్ని నడిపించడంలో కూడా ఒక అందం ఉందని, బేస్ గిటార్ ఆ మూడేసి మాత్రలకు తోడు వెళితే "ఆట ఆడి" పాదాన్ని చరణం చివర ముక్తాయింపులాగా వాడుకోవచ్చని మాత్రం నా మనవి. పల్లవిలో వద్దన్న మీ మాటకు ఎదురు చెప్పను.

కావలి కీబోర్డు:

అందరికీ కృతజ్ఞతలు. మాస్టారు గారి పాదాన్ని మా ట్రాక్ మీద కీబోర్డు ముందు కూర్చుని పాడి చూశాను. "ము" దగ్గర భుజం దానంతట అదే కదిలిన మాట నిజం. నా మిత్రుడు ఛందస్సు అంటే పరీక్షలకే అనుకునేవాడు. ఇప్పుడు పాత పల్లవిని ముక్తాయింపుకు మార్చి, నాలుగేసి మాత్రల్లో కొత్త పల్లవి రాస్తున్నాడు. జారే డ్రమ్ మోతను తీసివేశాను, అది లేకుండా పాట కొంచెం బోసిగా ఉన్నట్లు అనిపిస్తున్నా, ఆ బోసితనం కోసమే ఒంగోలు మిత్రుడు పోరాడుతున్నారని అర్థమైంది. కిక్ తోక కత్తిరించాక బేస్ నిజంగానే బయటపడింది.

ఒక్క విషయంలో మాత్రం సందేహం ఉంది. కొరియా బృందం బీటీఎస్ పాడిన "డైనమైట్" 2020 ఆగస్టు 21న విడుదలై, అమెరికా హాట్ 100లో నేరుగా మొదటి స్థానంలో అడుగుపెట్టింది. అదీ డిస్కో పోకడలున్న పాటే. కోవిడ్ వల్ల క్లబ్బులూ కచేరీలూ మూతపడి ఉన్న రోజులవి. జనం ఇళ్ళలో ఫోన్ల ముందే దాన్ని నెత్తిన పెట్టుకున్నారు. అలాంటప్పుడు ఊరేగింపులోనో హాలులోనో పరీక్షించడం అవసరమా, ఫోనులో బాగుందన్న మాట చాలదా?

కందుకూరు సౌండ్స్:

పెళ్ళిళ్ళకు, రిసెప్షన్లకు సౌండు, లైటింగు పెట్టేవాడిగా చివరి ప్రశ్నకు నేను సమాధానం చెబుతాను. ఫోనులో విన్నవాడు పాటను ఇష్టపడితే రెండవసారి నొక్కుతాడు, ఇష్టపడకపోతే జరిపేస్తాడు. అతనికి పల్లవి ఎంత తొందరగా వస్తే అంత మంచిది. హాలులో నాకు కావలసినది వేరు. నడుస్తున్న పాటలోనుంచి మీ పాటలోకి జనాన్ని తీసుకురావాలంటే, మాట లేకుండా డ్రమ్ములు మాత్రమే మోగే బార్లు మొదట్లో కొన్ని కావాలి, చివర కూడా కావాలి. మీ సింగిల్ మొదటి క్షణంలోనే అమ్మాయి గొంతుతో మొదలవుతుంది. దానిని మరొక పాట మీద అతికించడానికి చోటు లేదు. ఆపి మళ్ళీ మొదలుపెడితే ఆడేవాళ్ళు కూర్చుంటారు. ఊరేగింపులో మీకు జరిగినదానిలో సగం కారణం ఇదే అయి ఉంటుంది.

ఈ రెండు అవసరాలూ ఒకే పాటలో కుదరవని డిస్కో వాళ్ళకు 1970లలోనే తెలిసింది. ఏడంగుళాల రికార్డులో మూడు నాలుగు నిమిషాల పాట పడుతుంది. రేడియోకు అది చాలు. న్యూయార్కు క్లబ్బుల కోసం టామ్ మౌల్టన్ అనే ఆయన పాటలను పొడిగించి మిక్స్ చేసేవాడు. ఒకసారి ఏడంగుళాల ఖాళీ రికార్డులు అయిపోయి, ఉన్న పదంగుళాల దాని మీద పరీక్షకని కత్తిరిస్తే, గాడులు ఎడంగా పడే వీలు ఉన్నందువల్ల శబ్దం గట్టిగా, బేస్ లోతుగా వచ్చింది. ఆ తరువాత పన్నెండంగుళాలకు వెళ్ళారు, క్లబ్బులకు ఆ కొలతే స్థిరపడింది. 1976లో డబుల్ ఎక్స్‌పోజర్ బృందం పాడిన "టెన్ పర్సెంట్"ను వాల్టర్ గిబ్బన్స్ తొమ్మిది నిమిషాలకు పైగా పొడిగించాడు. దుకాణాల్లో జనానికి అమ్మిన తొలి పన్నెండంగుళాల సింగిల్‌గా దానినే చెబుతారు.

మీరు కూడా రెండు రూపాలు చేయండి. ఫోనుకు మూడున్నర నిమిషాల రూపం ఉంచండి, అందులో పల్లవి ముందే రానివ్వండి. హాలుకు ఆరు నిమిషాల రూపం చేయండి. మొదట 16 బార్లు డ్రమ్ములు, తరువాత 8 బార్లు బేస్ కలిసి, ఆ తరువాతే గొంతు. నడుమ ఒకచోట అన్నీ ఆపి కిక్, బేస్ మాత్రం మిగల్చండి; అక్కడ పాత ఆర్కెస్ట్రా వారు చెప్పిన "ఆట ఆడి" ముక్తాయింపు పెడితే, డప్పుకు అలవాటైన కాళ్ళకు కూడా తమ నడక ఒక్క నిమిషం దొరుకుతుంది.

ఊరేగింపులో దీన్ని వేయమని ఎవరినీ బలవంతం చేయకండి. నడుస్తూ ఆడేవాళ్ళకు తిస్రమే సుఖం. రిసెప్షన్ హాలులో భోజనాలు ముగిసి, పెద్దవాళ్ళు బయలుదేరాక, స్నేహితులు మాత్రమే మిగిలిన వేళ డిస్కోకు సరైనది. అలాంటి రిసెప్షన్ ఒకటి నా చేతిలో ఉంది. కొత్త రూపం తయారైతే పంపండి. మధ్యాహ్నం సౌండు చూసుకునేటప్పుడే ఒకసారి వేసి, బేస్ బాక్సుల్లో ఎలా ఉందో మీకు చెబుతాను. వాట్సాప్‌లో పాటగా పంపితే నాణ్యత తగ్గవచ్చు, కాబట్టి పూర్తి నాణ్యత గల వేవ్ ఫైలుగానే పంపండి, ఫైలు పేరులో వేగం 120 అని, ఏ శ్రుతిలో ఉందో కూడా రాయండి.